ఆకుపచ్చ సాకెట్లో నీలం కనెక్టరు

ఈ కథలో తప్పు చేసింది నేను. ఆ సంగతి ముందే చెప్పేస్తున్నాను. చివరిదాకా దాచానంటే మళ్లీ అదే పని చేసినట్టవుతుంది. దాచడంలో నాకు మంచి అనుభవం ఉంది.

ఏడంతస్తుల ఆసుపత్రిలో నెట్‌వర్క్ డిజైన్ చూసే అధికారిని నేను. ఏ అంతస్తుకి ఎన్ని ఫైబర్ తీగలు వెళ్లాలి, అవి ఏ పెట్టెలో తేలాలి, వాటి చివర ఏ కనెక్టరు ఉండాలి, ఇవన్నీ నా బల్ల మీద నిర్ణయమయ్యే విషయాలు. నిర్ణయించినవాటిని చేతులతో చేసేవాళ్లు వేరే ఉంటారు. వాళ్లలో అందరికంటే పెద్దవాడు, ముప్పై ఏళ్లుగా గాజు తీగలు అతికిస్తున్నవాడు ఒకాయన ఉన్నాడు. ఆసుపత్రిలో అందరూ వైర్ల పెద్దాయన అంటారు. ఆయన మా అమ్మకి సొంత తమ్ముడు. నాకు మేనమామ.

ఈ చివరి ముక్క ఆసుపత్రిలో ఎవరికీ తెలియదు. నేనే తెలియనివ్వలేదు.

నాకు ఉద్యోగం వచ్చేనాటికే మామయ్య ఆ ఆసుపత్రి ఆమోదించిన టెక్నీషియన్ల జాబితాలో ఉన్నాడు. నేను చేరిన మొదటి వారంలోనే వాళ్లింటికి వెళ్లి కూర్చున్నాను. చుట్టాలకి పనులిప్పిస్తోందని నలుగురూ నాలుగు మాటలంటారు, మనం ఏమవుతామో అక్కడ తెలియకపోతే ఇద్దరికీ మంచిది అని నచ్చజెప్పాను. వినడానికి ఎంత న్యాయంగా ఉందో చూడండి. అసలు కారణం వేరు. ఆయన చొక్కా జేబు మీద ఎప్పుడూ మార్కర్ మరకలుంటాయి. గట్టిగా నవ్వితే పన్ను ఊడిన సందు కనిపిస్తుంది. ఏ విషయమైనా కూరగాయలతోనూ గిన్నెలతోనూ పోల్చి చెబుతాడు. చిన్నప్పుడు ఇవన్నీ నాకు ప్రాణం. అధికారి కుర్చీలో కూర్చున్నాక ఇవే నాకు నామోషీ అయ్యాయి.

ఆయన ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. "సరే బుల్లీ, అక్కడ మేడం గారూ అంటాలే. భలే సరదాగా ఉంటుంది" అన్నాడు. అత్తయ్య మాత్రం నా వైపు అదోలా చూసి లోపలికి వెళ్లిపోయింది.

అన్నట్టే మర్నాటి నుంచి మేడం గారూ అనడం మొదలుపెట్టాడు. మూడేళ్లలో ఒక్కసారి కూడా నోరు జారలేదు. లిఫ్టులో మేమిద్దరమే ఉన్నా మేడం గారే. ఆదివారం భోజనానికి వెళ్తే మాత్రం మళ్లీ బుల్లి. ఆ మనిషి అంత బాగా ఆ పాత్ర పోషిస్తాడని నేనూ అనుకోలేదు. నాకు హాయిగానే ఉండేది. హాయిగా ఉండేదని చెప్పుకోవడానికి ఇప్పుడు సిగ్గుగా ఉంది.

నాకు ఈ పని నేర్పిందే ఆయన. బడికి సెలవులిస్తే చాలు, ఆయన వెంటపడి పోయేదాన్ని. రోడ్డు పక్క పెట్టె తెరిచి, గొడుగు కింద ముక్కాలిపీట మీద నన్ను కూర్చోబెట్టి, చిన్న మైక్రోస్కోపు కంటికి పెట్టేవాడు. వెంట్రుక కంటే సన్నని గాజు, దాని మొన మీద చుక్కంత దుమ్ము. తుడిచి, మళ్లీ చూసి, అప్పుడే సాకెట్లో గుచ్చాలి అనేవాడు. చూడకుండా గుచ్చితే మన మొనతో పాటు అవతలి మొన కూడా పాడవుతుందట. ఆ మాట ఆయన ఎన్ని వందలసార్లు చెప్పాడో లెక్కలేదు.

ఇక కనెక్టర్ల సంగతి. ఇది అర్థం కాకపోతే మిగతాది అర్థం కాదు, అందుకని రెండు ముక్కల్లో చెబుతాను. మేం వాడేవి రెండు రకాలు. నీలం రంగువాటికి గాజు మొన తిన్నగా నునుపు చేసి ఉంటుంది. ఆకుపచ్చవాటికి కాస్త ఏటవాలుగా ఉంటుంది. నీలానికి నీలం, ఆకుపచ్చకి ఆకుపచ్చ, అంతే. చిక్కల్లా ఏమిటంటే బయటి కొలతలు రెండింటికీ ఒకటే. నీలందాన్ని తీసుకెళ్లి ఆకుపచ్చ సాకెట్లో గుచ్చితే ఏ పేచీ పెట్టకుండా టిక్కుమని కూర్చుంటుంది. లోపల మాత్రం తిన్నని మొనా, ఏటవాలు మొనా పూర్తిగా ఆనవు. ఆ సందులో సమాచారాన్ని మోసే వెలుతురు కారిపోతుంది, మొనలు రెండూ గీసుకుపోతాయి.

ఆసుపత్రిలో కొత్తగా ఏడంతస్తులకీ తీగలు వేశాం. అవన్నీ నేలమాళిగలో పాత కాంట్రాక్టరు బిగించి వెళ్లిన పెద్ద ప్యానెల్‌కి చేరతాయి. ఆ ప్యానెల్ నుంచి పక్కనే ఉన్న యంత్రాలకి పొట్టి తీగలు కావాలి, ప్యాచ్ కార్డులంటాం, మొత్తం రెండువందల ఎనభై. యంత్రాల వైపు ఎప్పుడూ నీలమే. ప్యానెల్ వైపు ఏముందో చూసి ఎంచుకోవాలి. పాత డ్రాయింగులో నీలం అని ఉంది. నేను డ్రాయింగు చూశాను. ప్యానెల్ చూడలేదు. మెట్లు దిగితే నాలుగు నిమిషాల పని. పక్కనే దుప్పట్లు ఉతికే గది, ఆవిరి, బ్లీచింగ్ వాసన, కొత్త చీర. ఏదో ఒక వంక. రెండు చివర్లా నీలం అని రాసి సంతకం పెట్టేశాను.

కొనుగోళ్ల సమావేశానికి మామయ్యని కూడా పిలిచారు, బిగించడానికి ఎన్ని రోజులు పడుతుందో చెప్పడానికి. కొనుగోళ్ల విభాగం నుంచి నలుగురు, మా పెద్ద ఇంజనీరు, నేను బల్ల చుట్టూ ఉన్నాం. ఆయన గోడవారన కుర్చీలో కూర్చున్నాడు. తెర మీద కనెక్టర్ల పేజీ రాగానే గొంతు సవరించుకున్నాడు. ఆ సవరింపు నాకు తెలుసు. దాని వెనకాలే కూరగాయలొస్తాయి.

"ఒక్క మాటండీ. కీరదోసకాయని తిన్నగా కోసిన ముక్క ఒకటి, ఏటవాలుగా కోసిన ముక్క ఒకటి తీసుకుని రెండూ అతికిద్దామనుకోండి..."

కొనుగోళ్లలో ఒకాయన గడియారం చూసి, భోజనాల టైముకి ఇంకా గంటుందండీ అన్నాడు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. నవ్వి ఊరుకున్నానా అంటే అదీ లేదు. కనెక్టర్ల సంగతి మేం చూసుకుంటాం, రోజులెన్నో చెప్పండి చాలు అని నోరు నొక్కేశాను. ఆయన ముఖంలో నవ్వు అలాగే ఉంది, కానీ దాన్ని ఎక్కడ పెట్టాలో తెలియనట్టు కాసేపు అటూ ఇటూ చూశాడు. పన్నెండు రోజులండీ మేడం గారూ అని కూర్చుండిపోయాడు. ఆ ప్యానెల్ ఆకుపచ్చదని చెప్పబోయాడన్న సంగతి ఆ గదిలో ఎవరికీ అర్థం కాలేదు.

సమావేశం అయ్యాక వరండాలో నాకోసం నిలబడ్డాడు. నేను ఫోను చెవికి పెట్టుకుని, ఏదో ముఖ్యమైన మాట వింటున్నట్టు తలాడిస్తూ ఆయన పక్కనుంచే వెళ్లిపోయాను. ఫోన్లో అవతల ఎవరూ లేరు.

అయిదు వారాలకి సరుకొచ్చింది. మర్నాడు పొద్దున్నే మామయ్య ఒక ప్యాచ్ కార్డు చేత్తో పట్టుకుని నా బల్ల దగ్గరికొచ్చాడు. ఒకసారి కిందికి రావాలి మేడం గారూ అన్నాడు, అంతే. కారణం చెప్పలేదు. పక్క బల్లలవాళ్లు వింటారని చెప్పలేదని తర్వాత తెలిసింది.

కింద ఆవిరికి గోడలు చెమ్మగిల్లి ఉన్నాయి. ఆయన ప్యానెల్ తలుపు తెరిచి పక్కకి జరిగాడు. వరసలు వరసలుగా సాకెట్లు, అన్నీ ఆకుపచ్చవే. రెండువందల ఎనభై. పప్పులో కాలేయడం అంటారు చూడండి, నేను ఏకంగా గుండిగలో దిగాను.

ఆయన ఒక్క మాట అనలేదు. ఆ రోజే చెప్పబోయానుగా అని కూడా అనలేదు. ఉపాయం ఆలోచించుకునే వచ్చాడు. కార్డుల ఒక చివర కోసేసి ఆకుపచ్చ మొనలు అతికిస్తాను, ఇద్దరు మనుషుల్నిస్తే పదిహేను రోజులు, లేదంటే కొత్తవి తెప్పించండి, అయిదు వారాలు అన్నాడు. కొత్త నెట్‌వర్క్ ప్రారంభానికి తొమ్మిది రోజులే ఉన్నాయి. ఏది చేసినా ముందు పెద్ద ఇంజనీరు గదిలోకి వెళ్లి, నేను ప్యానెల్ చూడకుండా ఎంచుకున్నానండీ అని చెప్పాలి. కీరదోసకాయ మాటకి నవ్విన నలుగురి ముందూ చెప్పాలి. అది తలుచుకుంటేనే తల కొట్టేసినట్టయింది.

వీటినే బిగించండి అన్నాను. దూరం తక్కువ, కొంత వెలుతురు పోయినా యంత్రాలు పట్టుకుంటాయి అన్నాను. లెక్క కూడా చెప్పాను. లెక్కలు చెప్పడం నాకు బాగా వచ్చు.

"ఇవాళ పట్టుకుంటాయి మేడం గారూ. మొనలు గీసుకుపోతాయి కదా. రెండు నెలలకో మూడు నెలలకో ఒక్కొక్కటే పడిపోతాయి."

ప్రారంభం అయిపోయాక మెల్లిగా మార్చేద్దాం అన్నాను. ఆయన చేతిలో కార్డుని కాసేపు వేలికి చుట్టి విప్పాడు. తర్వాత ఒక్క వాక్యం రాసివ్వమని అడిగాడు. నీలం వాటినే బిగించమన్నట్టు, కింద నా సంతకం. మా పనిలో ఇది మామూలే. తనకి సరి అనిపించని పని చేయమంటే, చేసేవాడు చెప్పినవాళ్ల చేత ఒక వాక్యం రాయించుకుంటాడు. అందులో అవమానమేమీ లేదు. పనివాడికి ఉన్న రక్షణ అదొక్కటే.

నేను అటూ ఇటూ చూశాను. ఉతికే గది యంత్రాల హోరు తప్ప ఎవరూ లేరు.

"మన మధ్య కాగితాలేంటి మామయ్యా" అన్నాను.

ఆ భవనంలో ఆ పిలుపు అదే మొదటిసారి. ఆయన నా వైపు చూశాడు. ముఖం ఒక్కసారిగా వెలిగిపోయింది. ఇన్నాళ్లకి పిలిచానని సంతోషించాడు. మోసపోతున్న మనిషి సంతోషించడం దగ్గరుండి చూసినదాన్ని నేను. "సరే బుల్లీ" అని కార్డుల పెట్టె విప్పడం మొదలుపెట్టాడు. నేను మెట్లెక్కి వచ్చేశాను. నాలుగు మెట్లెక్కేసరికి నా ముఖం వేడెక్కిపోయింది, అయినా వెనక్కి తిరగలేదు.

పన్నెండు రోజుల పనిని ఎనిమిది రోజుల్లో పూర్తి చేశాడు. ప్రారంభం బ్రహ్మాండంగా జరిగింది. పెద్ద ఇంజనీరు నన్ను అందరి ముందూ మెచ్చుకున్నాడు. మెల్లిగా మార్చేద్దాం అన్నది నేను మళ్లీ తలవలేదు. ఆయన రెండుసార్లు గుర్తు చేశాడు, మేడం గారూ అంటూనే. చూద్దాం చూద్దాం అన్నాను.

మూడో నెలలో ఒక మధ్యాహ్నం ఎక్స్‌రే గది నుంచి బొమ్మలు పైకి రావడం ఆగిపోయింది. గంటలోపు మరో ఆరు లింకులు పడిపోయాయి. ఆపరేషన్ బల్ల మీద పడుకోబెట్టిన ఒకావిణ్ణి మళ్లీ కిందికి దింపి, రెండు గంటలు బయట కూర్చోబెట్టారు. ప్రాణాపాయం ఏమీ జరగలేదు. కానీ ఆవిడ కూతురు వరండాలో గోడకానుకుని ఏడవడం నేను చూశాను. ఎందుకు ఆలస్యమవుతోందని నన్నే అడిగింది. నెట్‌వర్క్ సమస్యండీ, చూస్తున్నారు అన్నాను. చూస్తున్నారట. ఎవరు?

బయటి నుంచి ఒక ఇంజనీరుని పరీక్షకి పిలిపించారు. ఆయన మొనల్ని మైక్రోస్కోపుతో పెద్దవి చేసి తెర మీద చూపించాడు. గాజు నిండా గీతలు. నీలంవి తెచ్చి ఆకుపచ్చ ప్యానెల్లో గుచ్చారు, ప్యానెల్ వైపు మొనలు కూడా పోయాయి, మొత్తం మళ్లీ చేయాలి అన్నాడు. ఎవరు గుచ్చారు అని అడిగాడు.

విచారణలో నేను అబద్ధం ఒక్కటీ చెప్పలేదు. డ్రాయింగులో నీలం అని ఉందన్నాను, ఉంది. దాని ప్రకారమే తెప్పించానన్నాను, తెప్పించాను. అంతవరకూ చెప్పి కుక్కిన పేనులా కూర్చున్నాను. పెద్ద ఇంజనీరు డ్రాయింగు పాతదని ఒప్పుకున్నాడు. కానీ ముప్పై ఏళ్ల అనుభవం ఉన్న మనిషి కళ్లెదుట ఆకుపచ్చ సాకెట్ పెట్టుకుని నీలందెలా గుచ్చాడన్నది ఆయనకి మింగుడుపడలేదు. అదే అడిగాడు.

"చూసుకోలేదండీ" అన్నాడు మామయ్య.

సరుకు లెక్కలు చెప్పడానికి వచ్చి కూర్చున్న స్టోర్ కీపరు కిసుక్కున నవ్వాడు. ఒక్కో మొననీ రెండేసిసార్లు చూసిగానీ గుచ్చని మనిషి, చూసుకోలేదన్నాడు. ఎవరైనా అలా చేయమన్నారా అని అడిగితే లేదన్నాడు. కాగితం ముందుకు తోస్తే, జేబులోంచి మార్కర్ తీయబోయి, నాలుక కరుచుకుని, పెద్ద ఇంజనీరు పెన్ను అడిగి తీసుకుని సంతకం పెట్టాడు. నా వైపు ఒక్కసారి కూడా చూడలేదు. కోపంతో చూడలేదనుకున్నాను. కోపమైతే మంచిదే అనుకున్నాను, కొంచెం తేలికపడ్డాను కూడా.

ఆయన పేరు జాబితాలోంచి తీసేయాలని నిర్ణయమైంది. ఊళ్లో తక్కిన ఆఫీసులూ ఆసుపత్రులూ ఆ జాబితా చూసే పనికి పిలుస్తాయి. యాభై ఎనిమిదేళ్ల వయసులో, నిర్లక్ష్యం అన్న మాట పేరు పక్కన పడ్డాక, ఆయన చేతికి గాజు తీగ ఇచ్చేవాళ్లు ఎవరూ ఉండరు. ఆ కాగితం పై ఆఫీసుకి వెళ్లడానికి వారం గడువుంది.

ఆదివారం వాళ్లింటికి వెళ్లాను. అత్తయ్య తలుపు తీసి, లోపలున్నాడు అని పక్కకి తప్పుకుంది. రామ్మా అనలేదు. మామయ్య వెనక గదిలో చాప మీద కూర్చుని, గాజు తీగలు అతికించే స్ప్లైసింగ్ మిషను తుడుస్తున్నాడు. నన్ను చూడగానే ఎప్పటిలాగే, రా బుల్లీ అని చాప మీద చోటిచ్చాడు. అట్టపెట్టెల గోదాములో గేటు దగ్గర మనిషి కావాలన్నారట, కుర్చీ ఫ్యాను ఇస్తారట, హాయిగా ఉంటుంది అన్నాడు. వెళ్లేవాళ్లకీ వచ్చేవాళ్లకీ సలాము చేస్తే సరిపోయే ఉద్యోగమని, ఆ విద్య తనకి ఎప్పుడో అబ్బిందని నవ్వాడు. ఆ నవ్వులో నాకు ఎత్తిపొడుపు వినిపించింది. ఆయన మనసులో అది లేదని తెలుసు. అయినా వినిపించింది.

ఏం మాట్లాడాలో తెలియక, ఆ రోజు నా వైపు చూడనే లేదేం మామయ్యా అన్నాను. నిష్ఠూరమాడాను చూడండి, నేను.

"చూడకూడదనే చూడలేదు" అన్నాడు, మిషను అద్దం మీంచి కళ్లు ఎత్తకుండా. "చూస్తే నువ్వు చెప్పాల్సొచ్చేది."

గుమ్మంలో నిలబడ్డ అత్తయ్య అప్పుడు నోరు విప్పింది.

"చూసినా చెప్పేది కాదులే."

అదేం మాట అని మామయ్య ఆవిణ్ణి కసురుకున్నాడు. అత్తయ్య వంటింట్లోకి వెళ్లిపోయింది. ఆవిడన్నది నిజమో కాదో నాకు ఇప్పటికీ తెలియదు. చెప్పేదాన్నే అని ఆ క్షణం అనడానికి నోరు రాలేదు. ఆ ఇంట్లో అన్నం తినకుండా లేచి వచ్చింది అదే మొదటిసారి. ఎవరూ ఉండమనలేదు కూడా.

సోమవారం కూర్చుని ఉత్తరం రాశాను. మొదటి చిత్తులో 'కనెక్టర్ల ఎంపికలో లోపం జరిగినట్టు గమనించడమైనది' అని వచ్చింది. ఎవరు ఎంచారు, ఎవరు గమనించారు, ఆ వాక్యంలో మనిషే లేడు. ఆఫీసు భాషలో ఆ సుఖం ఉంది. చింపేశాను. రెండోదాంట్లో డ్రాయింగు పాతదన్న సంగతి మూడుసార్లు వచ్చింది. అదీ చింపేశాను. చివరికి మామూలు మాటల్లో రాశాను. ప్యానెల్ చూడకుండా ఎంచుకున్నది నేను. తప్పని తెలిశాక కూడా బిగించమన్నది నేను. ఆయన వద్దన్నారు, రాసివ్వమన్నారు, నేను ఇవ్వలేదు.

అక్కడితో అయిపోయిందనుకుని సంతకం పెట్టబోయాను. అంత అనుభవజ్ఞుడు రాత లేకుండా ఎందుకు బిగించాడని చదివినవాళ్లకి అనుమానం రాదా? వస్తుంది. దానికి జవాబు ఒక్కటే ఉంది. తప్పు ఒప్పుకోవడానికి పట్టింది గంటైతే, ఆ ఒక్క వాక్యానికి టీల వేళ దాకా పట్టింది. ఆయన మా అమ్మ తమ్ముడు, నాకు పని నేర్పింది ఆయనే, మామయ్యా అని పిలిచి కాగితం ఎగ్గొట్టాను. రాసి, మళ్లీ చదవకుండా పెద్ద ఇంజనీరు బల్ల మీద పెట్టి వచ్చాను. మామయ్యకి చెప్పలేదు. చెబితే వద్దంటాడు.

మంగళవారం పొద్దున పెద్ద ఇంజనీరు పిలిపించాడు. సాక్ష్యానికి స్టోర్ కీపరుని కూడా కూర్చోబెట్టాడు. ఇది నిజమేనా, లేక చుట్టాన్ని కాపాడటానికి తప్పు మీద వేసుకుంటున్నారా అని సూటిగా అడిగాడు. నిజమే అన్నాను. నిజమైతే ఆయన పేరు జాబితాలో ఉంటుంది, మీరు ఈ కుర్చీలో ఉండరు అన్నాడు. అబద్ధమైతే ఇద్దరినీ పంపించాల్సి వస్తుంది, అందుకని ముందు ఆయన నోటి నుంచి వినాలి అని మనిషిని పంపాడు. మామయ్య ఆ పూట గేటు పాసు తిరిగిచ్చేయడానికి వచ్చి కిందే ఉన్నాడట.

వచ్చి గుమ్మం లోపల నిలబడ్డాడు. ఇస్త్రీ చొక్కా వేసుకున్నాడు, జేబు మీద మరక లేదు. నన్ను చూసి, నమస్కారం మేడం గారూ అన్నాడు. పెద్ద ఇంజనీరు నా ఉత్తరాన్ని బోర్లా పెట్టి, దాని సంగతి ఎత్తకుండా, నీలంవి బిగించమని మీకెవరు చెప్పారు అని అడిగాడు.

ఎవరూ చెప్పలేదండీ, నేనే చూసుకోలేదు అన్నాడు మామయ్య. మొన్న చెప్పిన మాటే, అక్షరం తేడా లేదు.

పెద్ద ఇంజనీరు నా వైపు ఒకసారి చూసి, మళ్లీ ఆయన వైపు తిరిగాడు.

"ఈ మేడం మీకేమవుతారు?"

మామయ్య తడుముకోలేదు. నీళ్లు నమల్లేదు. రెప్ప కూడా వేయలేదు.

"ఏమీ కారండీ. మా మేడం గారు."

నేను నేర్పిన పాఠమే. మూడేళ్లు ఒక్క తప్పూ పోకుండా అప్పజెప్పిన మనిషి, ఇప్పుడు కూడా తప్పు పోలేదు. సిగ్గుతో ఒళ్లంతా కుంచించుకుపోయింది. ఆ గదిలో నా కుర్చీ ఒక్కటే ఎత్తుగా ఉన్నట్టు, అందరూ నన్నే చూస్తున్నట్టు అనిపించింది.

"మామయ్యా, నేను రాసిచ్చేశాను. చెప్పెయ్" అన్నాను.

ఆయన నా వైపు తిరగలేదు. నేను కంగారులో నోరు జారాననుకున్నట్టున్నాడు. పెద్ద ఇంజనీరుతోనే, గొంతు తగ్గించి, నాకు మాట పడకుండా సర్దబోయాడు.

"పెద్దవాణ్ణని అలా పిలుస్తారండీ మేడం గారు. మంచి మనిషి. అందరినీ అలాగే పిలుస్తారు."

స్టోర్ కీపరు తల దించుకుని గోళ్లు చూసుకున్నాడు. ఈసారి నవ్వలేదు. నేను లేచి, బల్ల మీది ఉత్తరం తీసి, మామయ్య చేతిలో పెట్టాను. చివరి వాక్యం మీద వేలు పెట్టి చూపించాను. ఆయన జేబులోంచి కళ్లజోడు తీసి, తుడుచుకుని పెట్టుకుని, మొదటి నుంచీ చదవడం మొదలుపెట్టాడు. నెమ్మదిగా, పెదవులు కదుపుతూ. ఎవరూ తొందరపెట్టలేదు. చివరికి చేరాక అక్కడే ఆగిపోయాడు.

తర్వాత దాన్ని మడతల వెంట జాగ్రత్తగా మడిచి, బల్ల మీద పెట్టి, రెండు చేతులూ కట్టుకుని పెద్ద ఇంజనీరు ఎదుట నిలబడ్డాడు. దొంగతనం ఒప్పుకుంటున్న మనిషిలా తల దించుకున్నాడు.

"క్షమించండి సార్. మా అక్క కూతురే" అన్నాడు.